వ్రాయనివాని తప్పునకు దున్నినవానికి దండనయా?

కలువాయి సీమ రైతునకు భయములు రెండు. ఒకటి వాన, రెండవది దస్త్రము. వెలిగొండలకు తూర్పున, పెన్నకు దక్షిణమున నున్న యీ మెట్టప్రాంతమున వాన కురియని యేడు చెఱువు నిండదు, చెఱువు నిండని యేడు పొలము పండదు. అది దైవకృతమని రైతు సరిపెట్టుకొనుచున్నాడు. దస్త్రము దైవకృతము గాదు. జీతము తీసికొని యొక యుద్యోగి వ్రాసినది, లేదా వ్రాయక విడిచినది. వ్రాయక విడిచినదాని ఫలమును నూరేండ్ల తరువాత రైతు ననుభవింపుమనుట యెట్టి న్యాయమో మాకు బోధపడకున్నది.

చుక్కల భూములను మాట పట్టణవాసులలో ననేకులకు క్రొత్తగా దోచవచ్చును గావున కొంచెము వివరింతుము. ఇరువదవ శతాబ్ది తొలినాళ్ళలో నాంగ్ల దొరతనమువారు భూములను మరల కొలిపించి, తరములు నిర్ణయించి, శిస్తులు గట్టి, గ్రామ గ్రామమునకు రీసెటిల్మెంటు రిజిస్టరు వ్రాయించిరి. ఆ రిజిస్టరులో సర్వే నెంబరు, విస్తీర్ణము, తరము, శిస్తు మొదలగునవి యన్నియు నుండి, పట్టాదారు పేరు వ్రాయవలసిన గడిలో మాత్రము కొన్ని నెంబర్లకు చుక్కలు పెట్టి విడిచిరి. హక్కుదారెవరో తేలకనో, అన్నదమ్ములు తగవులాడుచుండుటచేతనో, రైతు ఆనాడు పొరుగూరికి బోయియుండుటచేతనో, వ్రాయు గుమాస్తా విసుగుచేతనో, కారణము చెప్పగలవా రిపు డెవ్వరును లేరు. ఆ చుక్కలే నేటి చుక్కల భూములు. నెల్లూరు జిల్లాలో నివి మెండు. ఉదయగిరి, ఆత్మకూరు ప్రాంతములలో నీ మాట వినని రచ్చబండ యుండదు.

ఇచ్చట నొక సంగతి గమనింపవలెను. అదే రిజిస్టరులో సర్కారు భూమిని సర్కారు భూమి యనియే వ్రాసిరి. వాగు, డొంక, వల్లకాడు, చెఱువు ఉన్నచోట పోరంబోకని వ్రాసిరి. ఎవరి యధీనమునందును లేనిదానిని అనాధీనమనియు, సాగు లేనిదానిని బంజరనియు వ్రాసిరి. తనదైనదానిని తనదని వ్రాసికొనుట తెలియని దొరతనము గాదది. జానెడు నేల విడువని దొరతనము. అట్టివారు చుక్కలు పెట్టిరన్న, ఆ భూమి తమదని చెప్పుటకు వారికే నోరాడలేదన్నమాట. చుక్క కర్థము తెలియదని మాత్రమే. తెలియదనుదానిని నాదని చదివినవారు తరువాత వచ్చినవారు, మన యోట్లతో గద్దె నెక్కినవారు.

రిజిస్ట్రేషను చట్టమునకు 2007లో మన రాష్ట్రమున చేర్చిన 22-ఎ సెక్షను నిషేధిత భూముల జాబితాను గూర్చినది. సర్కారు భూములను, దేవాలయముల భూములను, వక్ఫు భూములను దొంగచాటుగా నమ్ముకొనకుండ కాపాడుట దాని యుద్దేశము. ఆ యుద్దేశమును మేము తప్పుపట్టము. కాని 2016లో చుక్కల భూములను గూడ నా జాబితాలో జేర్చిరి. విచారణ లేదు, నోటీసు లేదు, గ్రామమున దండోరా లేదు. తాత దున్నిన చేను, తండ్రి దున్నిన చేను, ఒక్క యుత్తరువుతో అమ్మరానిదియు కుదువ పెట్టరానిదియు నయ్యెను.

కలువాయి చేరువ నొక రైతు ననుకొందము. మూడెకరముల మెట్ట యతని యాస్తి. కూతురు పెండ్లికై అరయెకరము అమ్మబోయెను. సబ్ రిజిస్ట్రారు కచ్చేరీలో నెంబరు చూచి, ఇది నిషేధితము పొమ్మనిరి. బ్యాంకువారు తాకట్టునకు పనికిరాదనిరి. తహసీలుదారు కచ్చేరీలో, పైవారి నడుగుమనిరి. పైవారు కలెక్టరు కచ్చేరీలో నున్నారు; కలెక్టరు కచ్చేరీ నెల్లూరిలో నున్నది; పోయివచ్చుటకు దినకూలి పోవును, బస్సు ఖర్చు మీదబడును. ఆ చేనిలో బోరు వేయుటకు చేసిన యప్పు మాత్రము నిషేధిత జాబితాలో లేదు; దానిపై వడ్డీ యథాక్రమముగా పెరుగుచునే యుండెను.

కష్టము తెలిసికొని 2017లో చుక్కల భూముల చట్టమొకటి చేసిరి. పండ్రెండేండ్లుగా ననుభవములో నున్నట్లు ఋజువు చూపినచో, జిల్లా సంఘము విచారించి రిజిస్టరును సరిదిద్దునని దాని సారాంశము. మాటకు బాగుగనే యున్నది. ఋజువన నేమి? అడంగలు నకలు, శిస్తు రసీదు, పాత దస్తావేజు. రసీదులు రైతు ఇంట కుండలో నుండి చెదలపాలైనవి. అడంగళ్ళు కరణమునొద్ద నుండెడివి. 1984 జనవరిలో కరణము, మునసబు ఉద్యోగములను రద్దుచేసిరి. రద్దుచేయుట మంచిదే, ఆ పెత్తనమెట్టిదో యెఱుగనివారెవరు? కాని వారి యటకలమీది కట్టలు సరిగా లెక్కకువచ్చి కచ్చేరీకి చేరవలెనను శ్రద్ధ యా తొందరలో నెవరికిని లేకపోయెను. ఇపుడు నకలు తెమ్మని యడుగువాడును సర్కారే, నకలు నీయవలసినవాడును సర్కారే. దస్త్రము దొరకలేదని యొక చేత వ్రాసి యిచ్చి, దస్త్రము చూపలేదని రెండవ చేత దరఖాస్తు కొట్టివేయు వింత మఱియే వ్యవహారమున నైనను గలదా? అప్పు పత్రమును తన యింటనే పోగొట్టుకొన్న సాహుకారు, అప్పు తీర్చలేదని ఋణస్థుని యెద్దులను తోలుకొనిపోయిన దానికిని దీనికిని భేదమేమి?

న్యాయశాస్త్రము రైతు పక్షమున లేదనుకొనరాదు. రెవెన్యూ లెక్కలలోని నమోదు స్వత్వమును సృష్టింపదు, హరింపదు, అది శిస్తు వసూలు నిమిత్తమే యని సుప్రీము కోర్టు పలుమాఱులు తీర్పు చెప్పియున్నది. నమోదుచేత హక్కు పుట్టనపుడు, నమోదు లేమిచేత హక్కెట్లు చచ్చును? 1963 నాటి కాలపరిమితి చట్టము ప్రకారము సర్కారైనను, తన భూమిని పరుడు తనదిగా ననుభవించుచుండగా 30 ఏండ్లు మిన్నకున్నచో, దావా హక్కు గోల్పోవును. మూడు తరములు చూచుచు నూరకుండి, శిస్తు పుచ్చుకొని, నేడు చుక్కను చూపి చేను నాదనుటకు శాస్త్రమున నాధారమేది? కాని న్యాయస్థానమున గెలుచుటకు ముందు న్యాయస్థానమునకు పోవలెను గదా. మూడెకరముల రైతు సర్కారుతో వ్యాజ్యమాడి గెలుచునప్పటికి వకీలు ఫీజునకు ఎకర మమ్మవలెను. అమ్ముటకు ఆ యెకరము నిషేధితము!

పాత కథ యొకటి యిచ్చట జ్ఞప్తికి దెచ్చుకొందము. ఈ జిల్లాలోనే వెంకటగిరి జమీందారీ యుండెను. ఆ జమీందారీ రైతులు పుల్లరికై, పశువుల మేతకై, పట్టాలకై పోరాడిన కాలమున నెల్లూరు వెంకట్రామానాయుడుగారి జమీన్ రైతు పత్రిక వారి గొంతుకగా నుండెను. వారి చేతి కాయుధము 1908 నాటి మద్రాసు ఎస్టేట్ల భూమి చట్టము. లోపములు మెండుగా గల చట్టమది. అయినను దానిలో నొక మంచి మాట కలదు. ఒక భూమి జమీందారు సొంత కంబట్టమా, రైతుల భూమియా యని తగవు వచ్చినపుడు, అది జమీందారు సొంతము గాదనియే కోర్టు మొదట భావింపవలెను. సొంతమని ఋజువు చేసికొను భారము జమీందారునిదే. బలవంతుడును, దస్త్రములు గలవాడును, గుమాస్తాలు గలవాడును జమీందారు గావున ఋజువు భారమును వాని నెత్తిన బెట్టిరి. 1938లో ప్రకాశం పంతులుగారి యాధిపత్యమున జమీందారీ విచారణ సంఘము మఱియొక యడుగు ముందుకు వైచి, భూమికి స్వామి రైతే, జమీందారు శిస్తు వసూలుదారు మాత్రమే యని తేల్చెను. పదియేండ్లకు, 1948లో, జమీందారీల రద్దు చట్టము వచ్చెను. జమీందారు పోయెను. కాని ఆ జమీందారుకైనను లేని సౌకర్యమును 2016లో సర్కారు తనకు తాను కల్పించుకొనెను: తగవు గల భూమి తనదేయని ముందుగా భావించి, కాదని ఋజువు చేయు భారమును రైతు నెత్తిన బెట్టెను. పరాయి ప్రభుత్వము 1908లో నెఱిగిన ధర్మమును స్వరాజ్యమున 2016లో మఱచితిమి.

చుక్కలు తొలగించినచో భూబకాసురులు సర్కారు భూములను మ్రింగుదురని కొందరు పెద్దలు చెప్పుచున్నారు. ఆ భయము నిరాధారము గాదు. కాలువ నీరు వచ్చునన్న చోట, తారు రోడ్డు పడునన్న చోట, నిన్నటి వఱకు మేకలు మేసిన దిబ్బకు తెల్లవాఱునప్పటికి ముగ్గురు వారసులు పుట్టుచుండుట మేమును వినియున్నాము. సోమశిల నుండి కండలేరునకు నీరు సాగినది మొద లీ ప్రాంతపు నేలకు వెల పెరిగినది. వెల పెరిగినచోట దస్త్రముపై కన్ను పడుట లోకస్వభావము. కాని భూబకాసురుడు చుక్కల గడిలో దాగియుండునా? వాడు అన్ని గడులును చక్కగా నింపించుకొని, ముద్ర వేయించుకొని, కంప్యూటరు కెక్కించుకొని కూర్చుండును. చుక్కలతో మిగిలినవాడు గుమాస్తాకు దక్షిణ యీయలేనివాడు, ఇచ్చుట తెలియనివాడు. దొంగను పట్టుటకు ఊరి వారందరి యిండ్లకును తాళము వేసి, దొంగ కానివారు వచ్చి ఋజువు చేసికొని తాళపుచెవి తీసికొనుడనుట తలారి చేయు పని గాదు. సర్కారు భూమి యని నమ్మిన నెంబరుపై సర్కారే దావా వేసి, తన కాగితములు చూపి గెలుచుకొనవలెను. దానికి ప్లీడర్లు గలరు, దస్త్రపు గదులు గలవు, బొక్కసము గలదు.

2023 మే 12వ తేదీన కావలిలో బహిరంగసభ జరిపి, నాటి ముఖ్యమంత్రి రాష్ట్రమునందలి 2,06,171 ఎకరముల చుక్కల భూములను నిషేధము నుండి తొలగించినట్లును, 97,471 కుటుంబములకు పూర్తి హక్కు లభించినట్లును ప్రకటించెను. చేసిన పని న్యాయమైనది; పక్షభేదము లేక ఒప్పుకొనుచున్నాము. చేసిన తీరు మాత్రము మాకు నచ్చలేదు. ఏడేండ్లు తప్పుగా బంధించి విడుదల చేసినవాడు, విడుదలను దానముగా ప్రకటించి చప్పట్లు కోరుటయా? ఆ యేడేండ్లలో ఆగిన పెండ్లిండ్లకు, వైద్యమునకు అమ్ముకొనలేకపోయిన చేనికి జవాబుదారి యెవరు? 1858లో దక్షిణ ఆస్ట్రేలియాలో టారెన్సు అనునతడు భూస్వత్వపు రిజిస్టరు పద్ధతిని నెలకొల్పినపుడే, రిజిస్టరు తప్పువలన భూమి గోల్పోయినవానికి పరిహారమీయ నొక నిధిని గూడ నేర్పఱచెను. వ్రాయువాని తప్పునకు వ్రాయువాడే చెల్లింపవలెననుట యాతని లెక్క. ఆ పద్ధతి పేరు మన సచివాలయమున పలుమాఱులు వినవచ్చినది. ఏడేండ్ల చెఱకు పరిహారమను మాట మాత్ర మొక్కమాఱును వినరాలేదు.

వేదిక మీదినుండి వచ్చిన హక్కు వేదికతోనే పోవచ్చునను భయమింకొకటి. 2020 డిసెంబరులో మహా యార్భాటముతో భూముల రీసర్వే ప్రారంభించిరి. రాళ్ళపై ముఖ్యమంత్రి పేరు, పాసు పుస్తకముపై ముఖ్యమంత్రి బొమ్మ! రైతు చేనిగట్టుపై రైతు పేరుండవలెనా, పాలకుని పేరుండవలెనా? పాత సర్వే నెంబర్లకు బదులు ఎల్‌.పి.ఎం. నెంబర్లు వచ్చినవి, కొన్నియెడల నలుగురైదుగురు రైతుల చేలను ఒకే నెంబరులో కలిపి, తగవు లేనిచోట తగవు పెట్టిరి. 2023 అక్టోబరు 31న అమలులోనికి దెచ్చిన భూస్వత్వ చట్టము, రెండేండ్లలో నెవరును ఆక్షేపింపకున్న నమోదు తిరుగులేనిదగుననియు, సివిలు కోర్టుల కందు జోక్యము లేదనియు శాసించెను. అనగా ఆత్మకూరు న్యాయస్థానమునకు పోవు రైతు నధికారికడకు పొమ్మని, అచ్చట నోడినచో అమరావతిలోని హైకోర్టునకు పొమ్మనుట. వకీళ్ళు కోర్టులు మాని యెదిరించిరి. 2024 జూలైలో క్రొత్త శాసనసభ యా చట్టమును రద్దుచేసెను; మంచిపని. అదే నెల 21వ తేదీ రాత్రి మదనపల్లె సబ్ కలెక్టరు కచ్చేరీలో నగ్నిప్రమాదము జరిగి భూముల దస్త్రములు కాలిపోయినవి. ఆ వెనుక అసైన్డు భూములలో నంతకుముందు నిషేధము తొలగించినవాని రిజిస్ట్రేషనులను నిలిపివేసిరి. అక్రమములు జరిగినవనిరి, జరిగియుండవచ్చును. అయినను ఒక సర్కారు వ్రాసినదానిని వేఱొక సర్కారు ఆపుచుండ, నడుమ నిజమైన యసైనుదారు నేమి చేయుమందురు? ఎన్నికలు మాఱినప్పుడెల్ల పొలము గట్టు కదలుట యెందైనను గలదా?

ఇంతవఱకు పేరు చుక్కలుగా మిగిలినవాని మాట. చుక్కయైనను లేనివాడొకడు గలడు. వాడు కౌలుదారు. నిజము చెప్పవలెనన్న, నేటి చేలలో దున్నుచున్నవాడు, ఎరువు అప్పు తెచ్చుచున్నవాడు, పంట పోయినచో మునుగుచున్నవాడు వాడే. చేని యజమాని నెల్లూరిలోనో, హైదరాబాదులోనో, అమెరికాలోనో యుండును. 1956 నాటి ఆంధ్ర కౌలుదారీ చట్టము, 1974 సవరణతో, కౌలు గడువు ఆరేండ్లకు తగ్గరాదని చెప్పెను. ఉదయగిరి నుండి కలువాయి వఱకు నడచి యడుగుడు, ఆరేండ్ల కౌలు పత్రము చేతగల రైతు నొక్కని చూపుడు. కౌలు మాటమీద జరుగును, ఏటికేడు మాఱును, తరచుగా కౌలు సొమ్ము ముందే చెల్లింపవలెను. 2004లో జయతీ ఘోషుగారి సంఘము, 2006లో కోనేరు రంగారావుగారి భూసంఘము, దున్నువాని పేరు నమోదు చేయుడని చెప్పినవి. 2011లో నొక చట్టము వచ్చి, యజమాని సంతకముతో నిమిత్తము లేక సాగుదారునకు కార్డునిచ్చు దారి తెఱచెను. బ్యాంకులు ఆ కార్డును చూచి చిఱునవ్వు నవ్వి ఊరకుండెను. 2019లో దానిని తీసివేసి పంట సాగుదారుల హక్కుల చట్టమని పెద్ద పేరుతో వేఱొకటి తెచ్చిరి. హక్కు పేరులో నున్నది; లోపల పదునొకండు నెలల గడువు, దానిపై యజమాని సంతకము. దేవుడు వరమిచ్చినను పూజారి వరమీయడన్నట్లు, సంతకము దొరకదు. సంతకము లేక కార్డు లేదు, కార్డు లేక అప్పు లేదు. అతివృష్టి వచ్చి పైరు కుళ్ళినపుడు నష్టపరిహారము యజమాని ఖాతాలో పడి, కుళ్ళిన పైరు కౌలుదారునకు మిగులును.

యజమాని యేల సంతకము చేయడు? దుర్మార్గుడగుటచేత నని యందుమా? అందఱును దుర్మార్గులు గారు. ఒక యేడు పేరు వ్రాసిన, మరుసటి యేడు వాడే హక్కుదారని కచ్చేరీలో నెవడైన మార్చునేమో యని వాని భయము. దస్త్రముపై నమ్మకము లేదు. ఏ దస్త్రము తన పేరును చుక్కలుగా విడిచి తన్ను ఏడేండ్లు వేధించెనో, ఆ దస్త్రములోనే కౌలుదారుని పేరు వ్రాయుటకు చుక్కల రైతు వెనుదీయుచున్నాడు. ఇది చూడ మాకు నవ్వును వచ్చుచున్నది, దుఃఖమును వచ్చుచున్నది. చుక్క తొలగినదని తాను సంతసించిన రైతు, తన చేను కౌలునకు చేయు యానాది పేరును చుక్కగానే యుంచుచున్నాడు. తనకు జరిగినది న్యాయము గాదని యెఱిగినవాడు పరునకు చేయునది యెట్లు న్యాయమగును? రైతు సంఘముల నాయకులు చుక్కల మాట వచ్చినపుడు గొంతెత్తి, కౌలు మాట వచ్చినపుడు దగ్గుచుండుట మేము గమనింపకపోలేదు.

కావున మే మడుగునది సర్కారు దాన మీయవలెనని గాదు. రిజిస్టరులో గడి ఖాళీగా నున్నచో, ఆ ఖాళీ సర్కారునకు ప్రతికూలముగా చదువబడవలెనని చట్టమున వ్రాయుడు; సర్కారు భూమి యనిన, సర్కారే ఋజువు చేయుగాక. నిషేధిత జాబితాలో నొక నెంబరు చేర్చుటకు ముందు సాగుదారునకు నోటీసు చేరినట్లు రసీదు జతపఱచుడు. సాగుదారు గడిలో పైరు పెట్టినవాని పేరు యజమాని సంతకముతో పని లేక వ్రాయుడు. అదే గడి క్రింద, ఈ నమోదువలన స్వత్వమునకు భంగము లేదని యొక వాక్యము చేర్చినచో యజమాని భయము తీరును. ఈ-పంట నమోదునకు పొలమునకు వచ్చు నుద్యోగి చేతిలో ఫోను గలదు, ఫోనులో కెమేరా గలదు. చేని నడుమ నిలిచి, నాగలి పట్టినవాడెవడో చూచి వ్రాయుటకు నగరమందున్న యజమాని సంతకమేల?

అంతవఱకు చేతులు ముడుచుకొని కూర్చుండ నక్కఱలేదు. ఆత్మకూరు, ఉదయగిరి, కలువాయి, రాపూరు పఠనమందిరములలో నీ పత్రిక చదువు న్యాయవాదులు, ఉపాధ్యాయులు, ఉద్యోగము చాలించిన పెద్దలు కలరు. 2005 నాటి సమాచారహక్కు చట్టము క్రింద దరఖాస్తు పెట్టి తమ తమ గ్రామముల రీసెటిల్మెంటు రిజిస్టరు నకలును, నేటి అడంగలు నకలును, నిషేధిత జాబితాను తెప్పింతురుగాక. ఒక ఆదివారము రచ్చబండ కడ కూర్చుండి, నెంబరు తరువాత నెంబరు బిగ్గరగా చదివి, ఏ చేను ఎవరు దున్నుచున్నారో ఊరివారి నోట చెప్పించి, ఎదుట వ్రాసికొందురుగాక. యజమాని వచ్చినను రానిండు, కౌలుదారు వచ్చినను రానిండు. యానాదివాడలోనివారిని గూడ పిలిచి ముందువరుసలో కూర్చుండబెట్టవలెను. ఆ చేల గట్లు వారి కాళ్ళకు తెలిసినట్లు తహసీలుదారు కచ్చేరీకి తెలియవు.